ఒకే రోజున కుక్కల బండి, స్నోమొబైల్: ఫిబ్రవరిలో రొవనియెమి వెళ్ళే కుటుంబానికి సలహాలు కావాలి

కూకట్‌పల్లి ప్రయాణికురాలు:

అందరికీ నమస్కారం. వచ్చే ఫిబ్రవరి మధ్యలో మా కుటుంబం ఫిన్లాండ్ ఉత్తరాన ఉన్న రొవనియెమి పట్టణానికి వెళుతోంది. నేను, మావారు, తొమ్మిదేళ్ళ మా పాప, అరవై ఎనిమిదేళ్ళ మా అత్తగారు, మొత్తం నలుగురం. ఉదయం హస్కీ కుక్కలు లాగే స్లెడ్జి బండి, నడుమ అడవిలో భోజనం, మధ్యాహ్నం స్నోమొబైల్ అనే మంచు మీద నడిచే మోటారు బండి, సాయంత్రానికి తిరిగి హోటల్ అన్నట్టుగా గైడు వెంట ఉండి నడిపించే ఒకరోజు యాత్రలు అక్కడ చాలా కనిపిస్తున్నాయి. పెద్దవారికి తలకు 200 నుంచి 300 యూరోల దాకా అడుగుతున్నారు కనుక, డబ్బు కట్టే ముందే అన్నీ తెలుసుకోవాలని రాస్తున్నాను.

మావారు చాలా ఏళ్ళుగా హైదరాబాదు రోడ్ల మీద మోటారు సైకిల్ నడుపుతున్నారు. స్నోమొబైల్ తనకు కష్టం కాదని ఆయన నమ్మకం. మా అత్తగారికి మోకాళ్ళ నొప్పులున్నాయి, కానీ కుక్కలంటే ప్రాణం; మా కాలనీలో వీధికుక్కలకు రోజూ పెరుగన్నం కలిపి పెట్టేది ఆవిడే. ఈ రెండూ ఒకే రోజున పెట్టుకోవచ్చా, వేర్వేరు రోజులకు విడగొట్టుకోవాలా? పాపకూ అత్తగారికీ ఏ భాగం సరిపడుతుంది? వెళ్ళివచ్చినవారు దయచేసి వివరంగా చెప్పండి.

మంచుబాట:

ప్రయాణికురాలు గారూ, రెండూ కలిపిన రోజుకు వెళ్ళేవారికి నేను మొదట చెప్పేది చెమట గురించి. చాలామంది చలికి సిద్ధపడి వెళతారు గాని, చెమటకు సిద్ధపడి వెళ్ళరు. స్లెడ్జి నడిపే మనిషి బండి వెనుక, మంచు మీద జారే రెండు పట్టాల మీద నిలబడతాడు. ఎత్తు వచ్చినప్పుడల్లా ఒక కాలితో నేలను తన్నుతూ, ఒక్కోసారి దిగి బండి వెంట పరుగెడుతూ కుక్కలకు సాయపడాలి. వాళ్ళిచ్చే దళసరి ఓవరాల్ లోపల ఆ శ్రమకు ఒంటికి అంటుకున్న చొక్కా తడిసిపోతుంది. ఆ తడి చొక్కాతోనే భోజనం చేసి, ఆ తరువాత స్నోమొబైల్ మీద కదలకుండా కూర్చుంటే, ఉదయం పట్టిన చెమటే మధ్యాహ్నం వణికిస్తుంది. మైనస్ 15 డిగ్రీల చలిలో గంటకు 30 కిలోమీటర్ల వేగంతో పోతే, గాలి తగిలే చర్మానికి అది మైనస్ 26 డిగ్రీల చలితో సమానం. కాబట్టి ఒక పొడి లోచొక్కాను ప్లాస్టిక్ సంచిలో చుట్టి వెంట తీసుకువెళ్ళండి, భోజనం దగ్గర మార్చుకోండి. నూలు బనియన్లు, జీన్సు ప్యాంట్లు హోటల్‌లోనే వదిలేయండి. నూలు తడిని పట్టి ఉంచుతుంది, ఉన్ని గాని సింథటిక్ గాని అలా ఉంచవు.

ఇక కుక్కల విషయం. బయలుదేరే ముందు అక్కడి గోల వింటే పాప భయపడవచ్చు, ముందే చెప్పి ఉంచండి. బండిని ఒక గుంజకు తాడుతో కట్టి ఉంచుతారు. కుక్కలన్నీ పట్టీలు బిగిసేలా ముందుకు ఎగిరెగిరి మొరుగుతుంటాయి. తాడు విప్పిన క్షణంలో ఆ మొరుగుడంతా ఆగిపోతుంది. ఆ తరువాత వినిపించేది వాటి ఊపిరీ, మంచు మీద పట్టాలు జారే చప్పుడూ మాత్రమే. పరుగెత్తుతూనే పక్కకు మూతి వంచి మంచు కొరుక్కుని దాహం తీర్చుకుంటాయి, పరుగు ఆపకుండానే దొడ్డికి వెళతాయి. ఆ వాసనకు ముఖం చిట్లించుకోవద్దని కూడా పాపకు చెప్పండి.

నడిపేవారు ఎన్నడూ మరువకూడని నియమం ఒక్కటే: ఏం జరిగినా పిడి వదలకూడదు. మీరు పడిపోయినా కుక్కలు ఆగవు, బండిలో కూర్చున్న మనిషిని తీసుకుని పోతూనే ఉంటాయి. పల్లంలో బ్రేకు మీద కాలు ఉంచి, కుక్కలకు కట్టిన తాడు ఎప్పుడూ బిగువుగా ఉండేలా చూడాలి. తాడు వదులైతే బండి వెళ్ళి చివరి జత కుక్కల కాళ్ళకు తగులుతుంది. ఎడమ, కుడి అని ఆజ్ఞలివ్వడం నేర్చుకోనక్కరలేదు. మీ జట్టు ముందున్న గైడు బండి వెంటే పోతుంది.

ఔలులో తెలుగువాడు:

నేను రొవనియెమికి దక్షిణంగా ఉన్న ఔలులో ఉద్యోగం చేస్తున్నాను; హైదరాబాదు నుంచి వచ్చే బంధువులను అక్కడికి తీసుకువెళ్ళడం నాకు అలవాటు. స్నోమొబైల్ గురించి మీవారికి ఒక మాట. మోటారు సైకిల్ అనుభవం కొంత సాయపడుతుంది, కొంత అడ్డుపడుతుంది. ఇక్కడ క్లచ్చి లేదు, గేర్లు లేవు. యాక్సిలరేటర్‌ను మణికట్టుతో తిప్పరు, కుడి బొటనవేలితో ఒక మీటను నొక్కుతారు. ఎడమచేతి మీట బ్రేకు. ముప్పు వచ్చేది మలుపు దగ్గర. బండి ఒరుగుతున్నట్టు అనిపించగానే మోటారు సైకిల్ మనిషి అలవాటు కొద్దీ కాలు కింద పెడతాడు. ఈ యంత్రం బరువు 250 కిలోలకు పైమాటే. దాని కిందికి వెళ్ళిన కాలు విరుగుతుంది. కాళ్ళు ఎప్పుడూ పాదపీఠాల మీదే ఉండాలి, ఒళ్ళు మాత్రం మలుపు లోపలి వైపుకు వంచాలి. కంగారులో పిడిని గట్టిగా పట్టుకున్నప్పుడు బొటనవేలు తెలియకుండానే మీటను నొక్కుతుంది, దారి తప్పి చెట్ల వైపుకు పోయే బండ్లలో చాలావాటికి కారణం ఇదే. అందుకే బండి నుంచి పడితే ఇంజను ఆగిపోయేలా చుట్టలు తిరిగిన ఒక తీగను నడిపేవారి ఒంటికి తగిలిస్తారు. దాన్ని తగిలించుకున్నారో లేదో వెనుక కూర్చున్న మీరు ప్రతిసారీ చూడండి.

ఫిన్లాండ్‌లో మంచు దారుల మీద గరిష్ఠ వేగం గంటకు 60 కిలోమీటర్లు. గైడు వెంట కొత్తవారు వెళ్ళే వరుస అందులో సగం వేగంతోనే సాగుతుంది, అది చాలు కూడా.

పాప విషయం: 140 సెంటీమీటర్ల ఎత్తు లేని పిల్లలను చాలాచోట్ల వెనుక సీటు మీద కూర్చోనివ్వరు, గైడు నడిపే స్నోమొబైల్‌కు తగిలించిన స్లెడ్జిలో కూర్చోబెడతారు. అందులో పెద్దవారు ఒకరు తోడుండవచ్చు. అయితే ఆ స్లెడ్జి గతుకుల్లో బాగా ఎగురుతుంది, ముందున్న ఇంజను పొగ కూడా కొంత తగులుతుంది. మోకాళ్ళ నొప్పులో, నడుము నొప్పో ఉన్నవారిని అందులో గంటసేపు కూర్చోబెట్టవద్దని నా అభిప్రాయం.

మల్కాజిగిరి రైడర్:

లైసెన్సు సంగతి ఎవరూ చెప్పలేదు. మన తెలంగాణ లైసెన్సు చాలునా, అంతర్జాతీయ పర్మిట్ కూడా కావాలా?

ఔలులో తెలుగువాడు:

నడిపేవారికి చెల్లుబాటయ్యే డ్రైవింగ్ లైసెన్సు ఉండాలి, అసలు కార్డు చేతిలో ఉండాలి. ఫోనులో ఉన్న నకలు చూపిస్తే ఒప్పుకోకపోవచ్చు. దానితోపాటు మన ఆర్టీఏ ఇచ్చే అంతర్జాతీయ డ్రైవింగ్ పర్మిట్ తీసుకువెళ్ళడం శ్రేయస్కరం. అది ఏడాదిపాటు చెల్లుతుంది. వెనుక కూర్చునేవారికి అవసరం లేదు గాని, సగం దూరంలో చేతులు మార్చుకుందామనుకుంటే ఇద్దరికీ లైసెన్సు ఉండాలి.

బీమా పత్రాన్ని మాత్రం ఒక్కొక్క వాక్యం చదవండి. ఫిన్లాండ్ వంటి యూరప్ దేశాలకు వెళ్ళడానికి తీసుకునే షెంజెన్ వీసా కోసం కనీసం 30,000 యూరోల వైద్య బీమా తప్పనిసరి కాబట్టి అందరూ ఏదో ఒక పాలసీ కొంటారు. కానీ సాహసక్రీడల్లోనూ మోటారు వాహనం నడుపుతున్నప్పుడూ తగిలిన గాయాలకు వర్తించదని చాలా పాలసీలలో రాసి ఉంటుంది. ఇది వైద్యం వరకే. యంత్రానికి జరిగే నష్టం వేరు. బయలుదేరే ముందు మీచేత సంతకం చేయించే కాగితంలో, బండి పాడైతే నడిపినవారు ఎంత వరకు భరించాలో ఉంటుంది. ఆ మొత్తం వందల యూరోలలో ఉంటుంది. కొంత అదనంగా కడితే దాన్ని తగ్గించే ఏర్పాటు ఉన్నచోట, మొదటిసారి నడిపేవారు దాన్ని తీసుకోవడమే మంచిది.

తార్నాక అమ్మమ్మ:

అమ్మాయీ, నాకు డెబ్బై దాటాయి. మా అబ్బాయి నన్ను నార్వేలోని ట్రోమ్సో దగ్గరికి తీసుకువెళ్ళినప్పుడు కుక్కల బండి ఎక్కాను కనుక మీ అత్తగారి తరఫున రెండు మాటలు చెబుతాను. ఎక్కడం కష్టం కాదు, లేవడం కష్టం. బండి నేలకు జానెడు ఎత్తున ఉంటుంది. కాళ్ళు బారజాపి కూర్చోవాలి. మోకాళ్ళు పట్టేసిన మనిషిని ఇద్దరు చెరో చెయ్యీ పట్టుకుని లేపాలి. ఇందులో నామోషీ ఏమీ లేదు, ముందుగానే గైడుకు చెప్పి పెట్టుకోండి. కింద రెయిన్‌డీర్ తోలు పరుస్తారు, పైన దుప్పటి కప్పుతారు. అయినా నిలబడి నడిపేవారికంటే కదలకుండా కూర్చున్నవారికే చలి ఎక్కువ పడుతుంది.

నగల సంగతి మగవాళ్ళెవరూ చెప్పరు, నేను చెబుతాను. చెవి దిద్దులు, ముక్కుపుడక, గాజులు, మెడలో గొలుసు అన్నీ ముందురోజు రాత్రే తీసి పెట్టండి. లోహం చలిని లాక్కుని నేరుగా చర్మానికి అంటిస్తుంది; చెవి తమ్మెకూ ముక్కుకూ మంచుకాటు తగలడానికి అది చాలు. మంగళసూత్రం తీయడానికి మనసొప్పకపోతే లోచొక్కా పైన, స్వెటరు లోపల ఉండేలా వేసుకోండి, చర్మానికి తగలకూడదు. మెట్టెలు మాత్రం తప్పనిసరిగా తీయించండి. రెండు పొరల మేజోళ్ళు తొడిగి బూటులో పెట్టేసరికి మెట్టె వేలిని బిగించి, నెత్తురు ఆడనివ్వదు. వేలు మొద్దుబారిన సంగతి బూటు విప్పేదాకా తెలియదు. బూటు కూడా ఒక సైజు పెద్దది అడగండి, లోపల వేళ్ళు ఆడాలి.

మంచుబాట:

అమ్మమ్మగారు చెప్పిన మంచుకాటుకు ఒక చేర్పు. అది తగిలిన చోట చర్మం పాలిపోయి మైనంలా కనిపిస్తుందని అంటారు. మన చామనఛాయ ఒంటి మీద ఆ తేడా అంత తొందరగా కంటికి ఆనదు. అందుకని గంటకొకసారి ఆగినప్పుడు ఒకరి బుగ్గలు, ముక్కుకొన మరొకరు వేలితో తాకి చూడండి. చల్లగా, గట్టిగా, స్పర్శ తెలియకుండా ఉంటే వెంటనే వెచ్చని అరచేతిని ఆనించి ఉంచాలి. రుద్దకూడదు, మంచుతో అసలే రుద్దకూడదు.

హిమాయత్‌నగర్ పాఠకుడు:

నాకు ఒక అభ్యంతరం ఉంది, కొందరికి నచ్చకపోయినా చెప్పడం బాధ్యత అనుకుంటున్నాను. మూగజీవాలకు పట్టీలు కట్టి, పర్యాటకుల సరదా కోసం చలిలో బరువులు లాగించడం న్యాయమేనా? వీధికుక్కలకు అన్నం పెట్టే అత్తగారికి ఇది చూపించాలనుకునేవారు, ఆ కుక్కలు మిగిలిన రోజంతా గొలుసుకు కట్టుబడి ఉంటాయేమో కూడా ఆలోచించాలి.

రాజేంద్రనగర్ పశువైద్యుడు:

హిమాయత్‌నగర్ గారి ప్రశ్న సబబైనది, దానికి అందరికీ వర్తించే ఒకే జవాబు లేదు. కెన్నెల్‌ను, అంటే ఆ కుక్కలను పెంచే కేంద్రాన్ని బట్టి జవాబు మారుతుంది. లాగడం వరకే అయితే ఆ కుక్కలకు అది శిక్ష కాదు. పందేల్లోనూ సఫారీల్లోనూ ఎక్కువగా వాడే అలాస్కన్ హస్కీ తరతరాలుగా పరుగు కోసమే ఎంచి పెంచిన సంకరజాతి. చాలావరకు 20 నుంచి 25 కిలోలే తూగుతుంది, పరుగు లేకపోతేనే దానికి తోచదు. చలి కూడా దానికి బాధ కాదు. రెండు పొరల బొచ్చు ఉన్న హస్కీ మైనస్ 15 డిగ్రీల్లో హాయిగా పరుగెడుతుంది. సున్నాకు దగ్గరైతే ఆ శ్రమలో దాని ఒళ్ళు వేడెక్కిపోతుంది. చలి తగ్గిన రోజున గైడు దూరం తగ్గిస్తే, డబ్బు నష్టపోయామని అనుకోకండి. కుక్కలను చూసుకునే మనిషి దొరికాడని సంతోషించండి. ఇదే జంతువును మే నెల ఎండల్లో మన నగరంలో అపార్టుమెంటు బాల్కనీలో ఉంచి, వడదెబ్బ తగిలాక ఆస్పత్రికి తెచ్చేవారిని చూసినప్పుడు నాకు కలిగే బాధ ఇంతా అంతా కాదు.

అయితే బాధ్యత లేని కెన్నెళ్ళు లేకపోలేదు. బుక్ చేసే ముందు ఉత్తరం రాసి అడగండి: ఒక్కో జట్టును రోజుకు ఎన్నిసార్లు తిప్పుతారు, వారంలో విశ్రాంతి రోజులున్నాయా, పరుగు లేని వేసవిలో వాటికి ఏం వ్యాయామం ఇస్తారు, వయసు మళ్ళిన కుక్కలు ఎక్కడికి పోతాయి. చివరి ప్రశ్నకు వచ్చే జవాబును బట్టి మనిషి తెలుస్తాడు. మంచి కెన్నెల్ వారు ముసలి కుక్కల పేర్లు చెప్పి మరీ రాస్తారు. అక్కడికి వెళ్ళాక పాదాలు చూడండి, వేళ్ళ మధ్య చీలికలుంటే గుడ్డ బూట్లు తొడిగి ఉండాలి. పరుగుకు ముందూ తరువాతా మాంసం రసం కలిపిన నీళ్ళు పెడుతున్నారో చూడండి. పట్టీలు తెచ్చినప్పుడు తోక ఊపుతూ ఎగిరే కుక్కకూ, గూడులోకి ముడుచుకునే కుక్కకూ తేడా మీ అత్తగారు నాకంటే త్వరగా పసిగడతారు.

పాపకు చెప్పండి: జట్టుకు కట్టి బయలుదేరబోతున్న కుక్కను కౌగలించుకోకూడదు. ముద్దుచేయడం పరుగు ముగిశాక, గైడును అడిగి.

నల్లకుంట చరిత్ర విద్యార్థి:

కుక్కల బండికీ స్నోమొబైల్‌కూ ఉన్న సంబంధం తెలిస్తే ఈ రెండూ ఒకే రోజున చూడడంలో అర్థం కనిపిస్తుందని నాకనిపిస్తుంది. 1925లో అలాస్కాలోని నోమ్ పట్టణంలో పిల్లలకు డిఫ్తీరియా సోకినప్పుడు, సుమారు 1,085 కిలోమీటర్ల దూరం 20 మంది చోదకులు ఒకరినుంచి ఒకరు అందుకుంటూ కుక్కల బండ్ల మీద మందును ఐదున్నర రోజుల్లో చేర్చారు. చలికాలంలో ఆ ప్రాంతాలకు అంతకంటే నమ్మకమైన వాహనం అప్పట్లో లేదు. కెనడాకు చెందిన జోసెఫ్ అర్మాండ్ బొంబార్డియే 1934లో తన చిన్న కొడుకును మంచు మూసిన దారిలో ఆస్పత్రికి చేర్చలేక పోగొట్టుకున్నాడు. మంచు మీద నడిచే వాహనాల కోసం ఏళ్ళ తరబడి శ్రమించి, 1959లో స్కీ-డూ అనే చిన్న స్నోమొబైల్‌ను మార్కెట్లోకి తెచ్చాడు. ఆ తరువాతి కొద్ది ఏళ్ళలోనే ఆ మంచు ప్రాంతాల పల్లెల్లో యంత్రం కుక్కలను పక్కకు నెట్టింది. ఉదయం మీరు ఎక్కేదానిని మధ్యాహ్నం మీరు ఎక్కేదే చాలాచోట్ల మూలన పడేసిందన్నమాట.

ఇంకొకటి. ఫిన్లాండ్ ఉత్తరాన తరతరాలుగా ఉంటున్న సామీ ప్రజలు బండి లాగించింది ప్రధానంగా రెయిన్‌డీర్‌తో. హస్కీ సఫారీలు అక్కడికి పర్యాటకంతో వచ్చాయి. అత్తగారికి ఆ నేల పాత పద్ధతి చూపించాలనుకుంటే రెయిన్‌డీర్ బండి కూడా ఆలోచించండి. అది మెల్లగా నడుస్తుంది, మోకాళ్ళకూ మేలు.

శాకాహారి బేగంపేట:

భోజనం గురించి. నడుమ పెట్టేది సాధారణంగా సాల్మన్ చేపల సూపో, రెయిన్‌డీర్ మాంసమో అయి ఉంటుంది. మాంసం, చేప, గుడ్డు మూడూ వద్దని బుకింగ్‌లోనే విడివిడిగా రాయండి. ఒట్టి శాకాహారం అంటే కొందరు చేప పెడతారు. వెంట పులిహోర కట్టుకెళితే బయట సంచిలో గడ్డకడుతుంది. నువ్వుండలు, ఖర్జూరాలు, జీడిపప్పు లోజేబులో పెట్టుకోండి. ఫోనూ అక్కడే పెట్టండి, బయట ఉంచితే బ్యాటరీ చూస్తుండగానే పడిపోతుంది. వేడి వేడిగా ఇచ్చే ఎర్రటి బెర్రీ రసం మాత్రం మా ఇంటిల్లిపాదికీ నచ్చింది.

కూకట్‌పల్లి ప్రయాణికురాలు:

ఇంత ఓపికగా రాసిన మీ అందరికీ కృతజ్ఞతలు. అమ్మమ్మగారి ఉత్తరం మా అత్తగారికి చదివి వినిపించాను. మెట్టెలు తీయడానికి ఒప్పుకున్నారు, ముక్కుపుడక గురించి ఇంకా మాట్లాడుతున్నాము. వైద్యులవారు చెప్పిన ప్రశ్నలు మూడు కెన్నెళ్ళకు రాశాను. ఒకరు జవాబివ్వలేదు, ఒకరు ధరల పట్టిక మళ్ళీ పంపారు. మూడోవారు మాత్రం పరుగు మానిన కుక్కలు ఎవరెవరి ఇళ్ళలో ఉన్నాయో, వేసవిలో వాటిని ఏ చెరువుకు ఈతకు తీసుకెళతారో వివరంగా రాశారు. ఆ మూడోవారి దగ్గరే బుక్ చేయాలనుకుంటున్నాము.

ఇప్పుడు మా ఆలోచన ఇది: ఉదయం నలుగురం కుక్కల బండ్లకు వెళతాము, ఒక బండిలో అత్తగారిని కూర్చోబెట్టి మావారు నడుపుతారు, మరొకదానిలో పాపను కూర్చోబెట్టి నేను నడుపుతాను. భోజనం అయ్యాక అత్తగారూ పాపా కెన్నెల్‌లోనే మంట దగ్గర ఉండి కుక్కపిల్లలను చూస్తారు. మేమిద్దరం మాత్రమే స్నోమొబైల్ ఎక్కుతాము. ఇది కుదురుతుందా? మరొక సందేహం, మావారికి కళ్ళజోడు ఉంది.

ఔలులో తెలుగువాడు:

కుదురుతుంది, కానీ వెనుక ఉండేవారికి వెచ్చని గది, ఒక మనిషి తోడు ఉంటాయని కెన్నెల్ వారిచేత రాతపూర్వకంగా ఒప్పించుకోండి. కొన్ని యాత్రలలో స్నోమొబైల్ వేరే చోట మొదలవుతుంది, అప్పుడు అందరినీ వ్యానులో తరలించాల్సి వస్తుంది. ఫిబ్రవరి మధ్యలో అక్కడ పగటి వెలుతురు సుమారు ఎనిమిది గంటలు ఉంటుంది కనుక తొందరేమీ ఉండదు; డిసెంబరులో వచ్చేవారు మధ్యాహ్నం భాగాన్ని చీకట్లోనే చేయాలి. వీలైతే ఈ యాత్రను మీరు దిగిన మరునాడే పెట్టుకోండి, చివరి రోజుకు ఉంచవద్దు. చలి మరీ ముదిరి రద్దు చేస్తే మార్చుకోవడానికి రోజులు మిగులుతాయి.

మంచుబాట:

కళ్ళజోడుకు: హెల్మెట్ లోపల ముఖానికి వేసుకునే గుడ్డను ముక్కు కిందికి లాగి ఉంచితే ఊపిరి అద్దాల మీదికి పోదు. పోతే క్షణంలో మంచు పేరుకుని దారి కనిపించదు. అలాంటప్పుడు నడుపుతూ తుడవడానికి ప్రయత్నించకుండా చెయ్యి ఎత్తి ఆగమని ఆయనకు చెప్పండి, ముందున్న గైడు అద్దంలో చూసి వరుసనంతా ఆపుతాడు. లెన్సులు అలవాటుంటే ఆ రోజుకు అవే మేలు. లోహపు ఫ్రేము ఉంటే ప్లాస్టిక్ ఫ్రేము జోడు ఒకటి చేయించుకోండి.

తార్నాక అమ్మమ్మ:

ముక్కుపుడక రాకపోతే బలవంతం చేయకండమ్మా. మెత్తటి ఉన్ని గుడ్డ ముక్కు మీదుగా గట్టిగా కట్టి, మధ్యమధ్య తీసి తాకి చూస్తే సరిపోతుంది. నేను అలాగే చేశాను.